అమెరికా టమాటాకి ఇరవై తొమ్మిదేళ్ళ మద్దతు ధర

మొన్నామధ్య ఇక్కడ డాలస్‌లో ఒక మిత్రుడింట్లో సత్యనారాయణ వ్రతానికి వెళ్ళాం. పూజా, ప్రసాదాలూ అయ్యాయి. మగాళ్ళందరం అలవాటు ప్రకారం పేపర్ ప్లేట్లు పట్టుకుని గరాజ్‌లోకి చేరాం. ఇళ్ళ రేట్లు, గ్రీన్ కార్డు, ఏఐ పుణ్యమా అని ఊడబోయే ఉద్యోగాలు, అన్నీ మాట్లాడుకోవడం అయ్యాక ఒకాయన ఫోన్‌లో వాట్సాప్ వీడియో ఒకటి చూపించాడు. కర్నూలు వైపు రైతులు ట్రాక్టర్లతో టమాటాలు తెచ్చి రోడ్డు మీద పారబోస్తున్నారు. కోత కూలి కూడా రావట్లేదట.

ఇద్దరు ముగ్గురు "అయ్యో పాపం" అన్నారు. పక్కనున్న పెద్దమనిషి మాత్రం, "ఏం చేస్తామండీ, మనవాళ్ళకి మార్కెట్ అంటే తెలీదు. ఒకడు వేశాడని ఊరంతా అదే వేస్తారు. రేటు పడిపోగానే మద్దతు ధర కావాలని రోడ్డెక్కుతారు. అమెరికాలో చూడండి, గవర్నమెంటు వేలు పెట్టదు. ఎవడు చవగ్గా ఇస్తే వాడిదే మార్కెట్. అందుకే ఏడాది పొడుగునా అన్నీ దొరుకుతాయి" అన్నాడు.

తలకాయలన్నీ ఊగాయి. నా ప్లేట్లో టమాటా పప్పు ఉంది. వ్రతానికి వెళ్ళి గొడవ పెట్టుకుంటే తిరుగు ప్రయాణంలో కారులో ఇంకో కథ వినాల్సొస్తుంది కనక నోరు మూసుకుని పప్పన్నం తిన్నాను. ఆ బాకీ ఇప్పుడు ఈ టపాలో తీర్చుకుంటున్నాను.

పెద్దాయన చెప్పింది తప్పు. కొంచెం కాదు, తలకిందులుగా తప్పు. మనం అమెరికాలో తింటున్న టమాటాకి 1996 నించీ 2025 దాకా, మధ్యలో చిన్న చిన్న విరామాలు మినహాయిస్తే, ప్రభుత్వం కూర్చుని రాసిన కనీస ధర ఉంది. మదనపల్లె టమాటాకి లేనిది అదే. మార్కెట్ గురించి పాఠం చెప్పాలంటే ముందు మన ప్లేట్లో ఉన్నదాని సంగతి తెలుసుకుని చెప్పాలి.

ముందు అసలీ కూరగాయలు ఎక్కణ్ణించి వస్తున్నాయో చూద్దాం. అమెరికా వ్యవసాయ శాఖ లెక్కల ప్రకారం 2007లో ఈ దేశంలో అందుబాటులో ఉన్న తాజా కూరగాయల్లో దిగుమతులు ఐదో వంతు. 2021 వచ్చేసరికి అది 38 శాతానికి వెళ్ళింది. పళ్ళయితే సగం నించి 60 శాతానికి. దిగుమతయ్యే కూరగాయల్లో మూడింట రెండు వంతుల పైగా ఒక్క మెక్సికోవే. తరవాతి స్థానం కెనడాది. ఆంటారియోలో లెమింగ్టన్ అనే ఊరి చుట్టూ కనుచూపుమేర గాజు ఇళ్ళే, వాటిల్లో టమాటా, కాప్సికం, కీరదోస పండిస్తారు. మనం ఇండియన్ స్టోర్లో ఏరుకునే బెండకాయలూ కాకరకాయలూ కూడా చాలావరకు మెక్సికోవో, హోండురస్‌లో కొమయాగువా లోయవో, డొమినికన్ రిపబ్లిక్‌వో. మన కోసం, చైనా వాళ్ళ కోసం అక్కడ ప్రత్యేకంగా పండించి పంపుతారు. మనం వాటిని గోటితో గిల్లి, తోక విరిచి, ముదురని పక్కన పడేసి వస్తాం.

టమాటా సంగతి మరీ చిత్రం. ఇప్పుడు అమెరికాలో అమ్ముడయ్యే తాజా టమాటాల్లో దాదాపు 70 శాతం మెక్సికోవే. 1994లో నాఫ్టా ఒప్పందం అమల్లోకి వచ్చినప్పుడు ఈ మార్కెట్లో 80 శాతం మాదే, ఇప్పుడు 30 శాతానికి పడిపోయాం అని ఫ్లోరిడా టమాటా రైతుల సంఘం మొత్తుకుంటుంది. అందులో కొంత ఏడుపు కలిసినా, దిశ మాత్రం నిజమే.

ఇలా ఎందుకయింది? చలికాలంలో అమెరికాకి టమాటా ఇచ్చేవి ముఖ్యంగా రెండు చోట్లు, ఒకటి ఫ్లోరిడా, రెండోది మెక్సికోలో సినలోవా రాష్ట్రం. ఫ్లోరిడా వాళ్ళు బయలు పొలాల్లో వేసి, కాయ పచ్చిగా, గట్టిగా ఉండగానే కోసి, గదుల్లో ఇథిలీన్ గాలి పట్టించి ఎర్రబరుస్తారు. హాంబర్గర్ షాపులకి ముక్కలు కోసుకోడానికి అది బావుంటుంది. సినలోవా వాళ్ళు నెట్ షెడ్లలో, గ్రీన్‌హౌసుల్లో తీగ పాకించి, పండాక కోస్తారు. ఇంట్లో వండుకునే వాళ్ళకి అది నచ్చింది. దానికి తోడు 2013లో మసత్లాన్ నించి దురాంగోకి కొండల మీదుగా కొత్త హైవే వేశారు. దాంతో సినలోవా లారీలు అరిజోనాలో నొగాలెస్ దాకా ఎగబాకే పని లేకుండా నేరుగా టెక్సస్‌లో ఫార్ బ్రిడ్జి దాటడం మొదలుపెట్టాయి. ఇక్కడి మన ఇళ్ళకి ఆ టమాటాలు వచ్చే దారి అదే.

సరే, అసలు సంగతికి వద్దాం. ఈ పోటీ చూసి ఫ్లోరిడా రైతులు ఏం చేశారు? "మార్కెట్ ఇంతే కదా, వేరే పంట వేసుకుందాం" అనుకున్నారా? అబ్బే. 1978లోనే మెక్సికో చలికాలపు కూరగాయల మీద డంపింగ్ కేసు పెట్టారు. 1980లో అది వీగిపోయింది. 1996లో మళ్ళీ పెట్టారు. అది ఎన్నికల సంవత్సరం. క్లింటన్‌కి ఫ్లోరిడా కావాలి. అక్టోబరు 28న, ఎన్నికలకి ఎనిమిది రోజుల ముందు, వాణిజ్య శాఖ మెక్సికో రైతులతో ఒక ఒప్పందం కుదిర్చింది. మేం కేసు ఆపేస్తాం, మీరు మాత్రం మేం చెప్పిన ధరకి తగ్గించి అమ్మకూడదు. అప్పుడు పెట్టిన ధర 25 పౌన్ల పెట్టెకి 5 డాలర్ల 17 సెంట్లు, అంటే పౌనుకి సుమారు 21 సెంట్లు. క్లింటన్ ఫ్లోరిడా గెలిచాడు.

ఈ ఒప్పందాన్ని 2002లో, 2008లో, 2013లో, 2019లో మళ్ళీ మళ్ళీ రాసుకున్నారు. 2019 నాటి కాయితంలో మామూలు గుండ్రటి టమాటాకి, మనం వాడే రోమాకి పౌను 31 సెంట్లు. కాడతో ఉన్నదానికి ఒక ధర, గుత్తికి ఒక ధర, చెర్రీలకి ఒక ధర, ఆర్గానిక్ అయితే 40 శాతం ఎక్కువ. మన సివిల్ సప్లైస్ ఆఫీసులో గుమాస్తా కూడా ఇంత ఓపిగ్గా పట్టిక గీయడు. 31 సెంట్లంటే కిలోకి 68 సెంట్లు, డాలరు 85 రూపాయల లెక్కన 58 రూపాయలు. ఇక్కడి ఖర్చులూ అక్కడి ఖర్చులూ ఒకటి కావు కనక ఆ 58ని మదనపల్లె ధరతో పోల్చమని నేననను. ధర ఎంతన్నది కాదు, అలాంటి ధర ఒకటి ఉండటమే నేను చెప్పొచ్చే విషయం. స్వేచ్ఛా మార్కెట్‌కి పుట్టిల్లు అనుకునే దేశంలో, టమాటా ఇంతకంటే చవగ్గా అమ్మడం తప్పు అని ప్రభుత్వం రాసిపెట్టింది.

దీని వెనకున్న సూత్రం ఇంకా ముఖ్యం. అమెరికా డంపింగ్ చట్టంలో సొంత దేశంలో కంటే తక్కువకి అమ్మడం ఒక నేరమైతే, పండించిన ఖర్చు కంటే తక్కువకి అమ్మడం కూడా లెక్కలోకి వస్తుంది. అంటే సాగు ఖర్చు ఎంతో లెక్క కట్టడానికి ఇక్కడ అకౌంటెంట్లూ, లాయర్లూ, ప్రశ్నావళులూ, వాదోపవాదాలూ ఉన్నాయి. ఇదే సూత్రం మన రైతు నోట్లోంచి వస్తే, "ఖర్చు మీద యాభై శాతం కలిపి మద్దతు ధర ఇవ్వండి" అని స్వామినాథన్ కమిషన్ మాట ఎత్తితే, గరాజ్‌లో మనవాళ్ళు నవ్వుతారు. ఫ్లోరిడాలో లాయర్ అడిగితే న్యాయం, పత్తికొండలో పంచె కట్టుకున్నవాడు అడిగితే సోమరితనం!

మా మేనమామ మదనపల్లె దగ్గర మూడెకరాల్లో టమాటా వేస్తాడు. 2023 జులైలో ఫోన్ చేశాను. ఆ నెలలో మదనపల్లె యార్డులో కిలో టమాటా రెండొందల రూపాయల దాకా పోయింది. "లక్షాధికారివయ్యావంట గదా మామా" అన్నాను. "యాడిదప్పా, ఎండలకు నా తోట ముందే పాయ. ఉన్నోళ్ళు నలుగురు సంపాదించినారు. పేపరోళ్ళు అందర్నీ కలిపి రాసినారు" అన్నాడు. ఆయనకి చేతికొచ్చిన పంట సెప్టెంబరులో వచ్చింది. అప్పటికి కర్నూలు వైపు కిలో అయిదు రూపాయల లోపుకి పడిపోయింది, మదనపల్లె దాని వెనకే. "ఇప్పుడు ఎవురూ ఫోన్ చెయ్యరు" అన్నాడు. నేను చేశాను కదా అనబోయి ఊరుకున్నాను.

ఆ రెండు నెలల మధ్య ప్రభుత్వాలు ఏం చేశాయో గుర్తు చేసుకోండి. జులై 14న కేంద్రం తన సహకార సంస్థల ద్వారా మదనపల్లె, కోలారు, మహారాష్ట్రల్లో టమాటాలు కొనిపించి ఢిల్లీలో కిలో 90కి అమ్మించింది, తరవాత 80కి, 70కి తగ్గించింది. ఆంధ్రలో రైతు బజార్లలో 50కి అమ్మారు. ఆగస్టులో నేపాల్ నించి టమాటా దిగుమతి చేసుకుంటున్నామని ఆర్థిక మంత్రి పార్లమెంటులో చెప్పారు. ఉల్లిపాయలకైతే అదే ఆగస్టులో ఎగుమతి మీద 40 శాతం సుంకం వేశారు, డిసెంబరులో ఎగుమతే నిషేధించారు, 2024 మేలో గానీ ఎత్తెయ్యలేదు.

అంటే మన దేశంలో ప్రభుత్వం మార్కెట్లో వేలు పెట్టదా? భేషుగ్గా పెడుతుంది. ధర పెరిగినప్పుడు రాత్రికి రాత్రి లారీలు కదుల్తాయి. ధర పడిపోయినప్పుడు మాత్రం "మార్కెట్ కదండీ, మనమేం చేస్తాం" అంటారు. పైకి పోకుండా కప్పు ఉంది, కిందికి పోకుండా నేల లేదు. అమెరికాలో సరిగ్గా దీనికి ఎదురు, నేల వేసుకున్నారు, కప్పు గురించి పెద్దగా పట్టించుకోలేదు. రెండూ జోక్యాలే. ఎవరి వైపు నించి జోక్యం చేసుకున్నారన్నదే తేడా.

ఇక్కడ గరాజ్ నించి వచ్చే ప్రశ్నలు నాకు తెలుసు. ఒక్కొక్కటే చూద్దాం.

మొదటిది. "టమాటా దాచిపెట్టే సరుకు కాదు. ధాన్యంలాగా గవర్నమెంటు కొని గోడౌన్లో వెయ్యలేదు. మరి మద్దతు ధర ఎలా ఇస్తుంది?" మంచి ప్రశ్నే. కానీ అమెరికా ప్రభుత్వం ఆ ఒప్పందం కింద ఒక్క టమాటా కూడా కొనలేదు. అమ్మేవాడు ఇంతకి తగ్గించి అమ్మకూడదని నిబంధన పెట్టింది, అంతే. సరిహద్దు దగ్గర చేసినట్టు యార్డులో చెయ్యడం కష్టమే, ఒప్పుకుంటాను. ఆ ధరకి కొనేవాడు రాకపోతే కాయ అక్కడే కుళ్ళుతుంది. అందుకే యార్డు ధరకీ, కనీస ధరకీ మధ్య తేడాని రైతు ఖాతాలో వెయ్యడం అనే రెండో మార్గం ఉంది. ఇది నా ఆలోచనేం కాదు. కేరళ 2020 నవంబరు నించి పదహారు రకాల కూరగాయలకీ దుంపలకీ పళ్ళకీ సాగు ఖర్చు మీద ఇరవై శాతం కలిపి కనీస ధర ప్రకటించింది. టమాటాకి అప్పుడు కిలో 8 రూపాయలు. ఎనిమిదే! రెండొందలు చూసిన కళ్ళకి అది నవ్వులాటగా ఉంటుంది. రూపాయికి అమ్ముకున్న రోజున ఆ ఎనిమిది రూపాయలే ప్రాణం. కేంద్రం కూడా మార్కెట్ జోక్య పథకంలో సరుకు కొనే బదులు తేడా సొమ్ము నేరుగా వేసే వీలు 2025 ఫిబ్రవరిలో మార్చిన నిబంధనల్లో పెట్టింది. కాయితం మీద దారి ఉంది. అడగాల్సింది దాన్ని మదనపల్లెలో, పత్తికొండలో పంట వచ్చిన వారంలోనే అమలు చెయ్యమని. పంట కుళ్ళాక కమిటీ వెయ్యమని కాదు.

రెండోది. "కనీస ధర ఇస్తే అందరూ అదే వేస్తారు." ఇప్పుడు వెయ్యట్లేదా? జులైలో రెండొందలు చూసి నారు పోస్తారు, అందరి పంటా ఒకేసారి దిగుతుంది, ధర కూలుతుంది. నేల లేకపోవడం వల్ల ఈ ఊగుడు ఆగలేదు సరికదా, ఎక్కువైంది. కనీస ధర మరీ ఎక్కువగా పెడితే మీరన్న ప్రమాదం ఉంటుంది. ఖర్చుకి కాస్త పైన పెడితే అది లాటరీ కాదు, బీమా. ఉద్యోగం పోతే టెక్సస్‌లో నిరుద్యోగ భృతి వస్తుంది, దాని కోసం ఎవడైనా ఉద్యోగం మానేశాడా?

మూడోది, దీన్ని నేనే అడుగుతాను, ఎందుకంటే ఇదే అసలైన ప్రశ్న. "ఇరవై తొమ్మిదేళ్ళు కనీస ధర ఉన్నా ఫ్లోరిడా రైతు ఎందుకు నష్టపోయాడు?" నిజమే. నేల ధర ఫ్లోరిడాకి రక్షణ అనుకున్నారు, కానీ దాని వల్ల లాభపడింది మెక్సికో రైతు కూడా. ఇంతకి తగ్గదన్న ధైర్యం ఉన్నవాడు అప్పు తెచ్చి షెడ్లు కట్టాడు, దిగుబడి పెంచాడు, రకం మార్చాడు. ఫ్లోరిడా చాలావరకు బయలు పొలంలోనే, పచ్చికాయ దగ్గరే ఉండిపోయింది. నాకిందులో కనిపించే పాఠం కనీస ధర వేస్ట్ అని కాదు. కనీస ధర చేతిలో ఉన్నవాడు దాన్ని పెట్టుబడిగా మార్చుకున్నాడా లేదా అన్నది. మా మామకి నెట్ షెడ్ వెయ్యాలని లేకా? వచ్చే పంట రూపాయికి పోతుందో వందకి పోతుందో తెలియనివాడికి ఏ బ్యాంకు అప్పిస్తుంది, ఏ ధైర్యంతో వాడు తీసుకుంటాడు?

ఇక కథ చివర చూడండి. 2025 జులై 14న అమెరికా ఆ ఒప్పందాన్ని రద్దు చేసి, మెక్సికో టమాటాల మీద 17.09 శాతం యాంటీ డంపింగ్ సుంకం వేసింది. దాంతో దుకాణంలో ధర ఎనిమిదిన్నర శాతం దాకా పెరగొచ్చని అరిజోనా స్టేట్ యూనివర్సిటీ ప్రొఫెసర్ ఒకాయన అప్పుడే అంచనా చెప్పాడు. మన ఆడవాళ్ళకి ప్రొఫెసర్ అక్కర్లేదు, చింతపండు రసం ఎన్నిసార్లు పెడుతున్నారో చూస్తే చాలు. మరి మెక్సికో ఏం చేసింది? "పోనీ నేల ధర పీడ విరగడైంది" అనుకుందా? వచ్చే నెలలోనే, ఆగస్టు 2025లో, తనంతట తనే ఎగుమతికి కనీస ధరలు ప్రకటించింది. రోమాకి కిలో 88 సెంట్లు, గుండ్రటిదానికి 95 సెంట్లు, చెర్రీకి డాలరు 70. పాత ఒప్పందంలో కంటే రోమా ధర ఎక్కువ. ప్రపంచంలో అన్నిటికంటే ఎక్కువగా టమాటా ఎగుమతి చేసే రైతు కూడా తనకి నేల కావాలన్నాడు. ఒకణ్ణి చూసి ఒకడు ధర తెగ్గోసుకుంటే అందరూ మునుగుతారని వాడికి తెలుసు. మార్కెట్ తెలియనివాడు ఎవరండీ మరి?

ఇంకొక్క మాట చెప్పకపోతే తప్పవుతుంది. కనీస ధర రైతు దగ్గరే ఆగిపోవచ్చు. ఫ్లోరిడాలో ఇమ్మొకలీ అనే ఊళ్ళో టమాటా కోసే కూలీలకి 2000ల మొదట్లో 32 పౌన్ల బకెట్ నింపితే 40, 45 సెంట్లు ఇచ్చేవాళ్ళు. వాళ్ళు సంఘం పెట్టుకుని, 2001 నించి 2005 దాకా టాకో బెల్ తినొద్దని ఊరూరా తిరిగి, పౌనుకి ఒక్క పెన్నీ అదనంగా సాధించారు. ఒక్క పెన్నీ కోసం నాలుగేళ్ళు! ఇప్పుడు ఫ్లోరిడా పొలాల్లో కోసేది కూడా ఎక్కువగా మెక్సికో నించి హెచ్-2ఏ వీసా మీద వచ్చినవాళ్ళే. మనది హెచ్-1బీ. వాళ్ళు మన పక్క అక్షరం. మదనపల్లెలో క్రేట్లు ఎత్తే వాళ్ళకి ఏ అక్షరమూ లేదు.

2024 అక్టోబరులో వచ్చిన రిజర్వు బ్యాంకు పరిశోధనా పత్రం ఒకటి, మనవాళ్ళు టమాటాకి పెట్టే రూపాయిలో రైతుకి చేరేది 33 పైసలని తేల్చింది. మిగతా 67 పైసల్లో కుళ్ళిపోయేది, లారీ బాడుగ, కమీషన్, చిల్లర వ్యాపారి అన్నీ ఉన్నాయి. ఆ 33 పైసలు కూడా ఏ ఏడాది చేతికొస్తాయో తెలియనప్పుడు రైతు రోడ్డు మీద పారబోసే టమాటా కోపంతో పారబోసేది కాదు. యార్డుకి తీసుకెళ్తే బాడుగ ఎదురు కట్టాల్సొస్తుందని లెక్క వేసుకుని పారబోసేది. మన ఎక్సెల్ షీట్ కంటే కచ్చితమైన లెక్క అది.

కాబట్టి ఈసారి గరాజ్‌లో ఆ వీడియో వచ్చినప్పుడు, "మనవాళ్ళకి మార్కెట్ తెలీదు" అనే ముందు, ప్లేట్లో పప్పు వంక ఒకసారి చూడండి. అందులో టమాటాకి ఎన్నికల ముందు రాసిన ఒప్పందం ఉంది, ఇరవై తొమ్మిదేళ్ళ కనీస ధర ఉంది, లాయర్లున్నారు, సుంకం ఉంది. మన రైతు అడుగుతున్నది అందులో పదో వంతు. అది ఇవ్వాలా వద్దా, ఎంత ఇవ్వాలి అని వాదించండి, నేనూ వాదిస్తాను. అడగడమే తెలివితక్కువతనం అని మాత్రం అనకండి, అమెరికాని సాక్షిగా అస్సలు పిలవకండి.

నిన్న ఆదివారం మామకి మళ్ళీ ఫోన్ చేశాను. "ఈసారి ఎట్ల మామా?" అంటే, "నారు పోసినా. ధర ఎంతుంటాదో ఆ దేవునికే ఎరుక. మీకాడ టమాటా ఎంతప్పా?" అన్నాడు. పౌను ఇంతని చెప్పాను. కాసేపు లెక్క కట్టుకుని, "అంతా? మరి అక్కడి రైతు బాగుండాడా?" అని అడిగాడు.

గరాజ్‌లో ఒక్కరు కూడా అడగని ప్రశ్న అది.